నడవడికలో వడి

టైలర్ భార్యను చంపింది రోడ్ల మంత్రి. ఇందులో వాదించడానికి ఏమీ లేదు. కత్తి పట్టలేదు, విషం పెట్టలేదు. నడిచి చంపాడు.

ఆ రోజు మంత్రిగారు ‘ప్రజల్లోకి నడక’ అనే కార్యక్రమం పెట్టుకున్నారు. ప్రజల్లోకి నడవాలంటే ముందు ప్రజలను పక్కకు జరపాలి కాబట్టి బజారు వీధికి అటూ ఇటూ తాళ్లు కట్టారు. టైలర్ భార్య పొద్దున్నే దుకాణంలో కూర్చుని కాజాలు కుడుతూ కుడుతూ గుండె పట్టుకుంది. అంబులెన్సు త్వరగానే వచ్చింది. త్వరగానే బయల్దేరింది. పరుపుల దుకాణం దగ్గర తాడు అడ్డం వచ్చి ఆగిపోయింది. మంత్రిగారు చాలా నెమ్మదిగా నడిచారు. ఆయన ముందు ఫొటోగ్రాఫర్లు కెమెరాలు ఎత్తిపట్టి వెనక్కి నడుస్తున్నారు మరి. వెనక్కి నడిచేవాడు ఎంత మొనగాడైనా పరిగెత్తలేడు. ఊరేగింపు తాడు దాటి వెళ్లేసరికి టైలర్ పట్టుకున్న చెయ్యి చల్లబడింది.

టైలర్ పోలీస్ స్టేషన్‌కి వెళ్లాడు. ఇన్‌స్పెక్టర్ మర్యాదస్తుడు. కుర్చీ వేయించి, మంచినీళ్లు ఇప్పించి, అంతా విన్నాడు.

“నడవడం నేరం కాదయ్యా,” అన్నాడు చివరికి. “నడిరోడ్డు మీద నిలబడ్డాడంటే ట్రాఫిక్‌కి అడ్డమని ఏదో ఒకటి రాసుకుందును. నువ్వేమో నడిచాడంటున్నావు.”

టైలర్‌కి కావలసింది జైలు కాదు, పరిహారమూ కాదు. నలుగురి ముందు మంత్రి నోటి నుంచి ఒక్క మాట రావాలి: ‘ఆమె పోయింది నా వల్ల’ అని. అది చెవిన పడితే చాలు, మిగిలిన రోజులు మిషన్ తొక్కుకుంటూ వెళ్లదీస్తాడు. ఈ సంగతి ఇన్‌స్పెక్టర్‌కి చెప్పాడు. ఇన్‌స్పెక్టర్ సానుభూతిగా తలూపి, తన యూనిఫారం భుజాల దగ్గర బిగుతుగా ఉందనీ, వదులు చేయడానికి వీలవుతుందేమో చూడమనీ అడిగాడు.

సరిగ్గా అప్పుడే ప్రభుత్వానికి నీతి గుర్తుకొచ్చింది.

ప్రభుత్వాధినేత పత్రికలవాళ్లను పిలిపించి, చరిత్రలో ఎన్నడూ లేని విధంగా ప్రజాప్రతినిధుల నడవడికను కనిపెట్టి చూడడానికి ఒక పర్యవేక్షకుణ్ణి నియమిస్తున్నామని ప్రకటించారు. ఆయన ముందు మంత్రి అయినా ఒకటే, మామూలు సభ్యుడైనా ఒకటే. తన మీద ఫిర్యాదు వచ్చినా తనను వదలొద్దని చెబుతున్నప్పుడు అధినేత గొంతు బొంగురుపోయింది. వెనక వరసలో మంత్రులంతా కళ్లు తుడుచుకున్నారు. రోడ్ల మంత్రిగారు రుమాలు తెచ్చుకోవడం మరిచిపోయి, పక్కాయన రుమాలుతో తుడుచుకుని, దాన్ని తన జేబులో పెట్టుకున్నారు.

ఆ మహోన్నతమైన పదవికి ఎంపికైనవాడు టైలర్ బావమరిది.

అతను లా కాలేజీలో నీతిశాస్త్రం చెప్పే లెక్చరర్. పుట్టి బుద్ధెరిగాక ఎవరికీ కాదని చెప్పి ఎరగడు. ఈ ఒక్క అర్హత చాలని అధినేత ఇట్టే పసిగట్టారు. అమ్మానాన్నలు చిన్నప్పుడే పోతే అతన్ని అక్కే పెంచింది. బావ బట్టలు కుట్టాడు, అక్క కాజాలు కుట్టింది, వాడు చదువుకున్నాడు. ప్రమాణ స్వీకారానికి నల్లకోటు కావలసి, కొలతలివ్వడానికి దుకాణానికి వచ్చాడు.

“అక్క ఉంటే ఎంత పొంగిపోయేదో, బావా,” అన్నాడు చేతులు చాపి నిలబడి.

“ఉంటే నాకు ఫిర్యాదే ఉండేది కాదు,” అన్నాడు టైలర్, టేపు భుజం మీద పెడుతూ.

బావమరిది చాపిన చేతులు దించేశాడు. కళ్లలో నీళ్లు తిరిగాయి. తనే బావ మెడ మీద చెయ్యి వేశాడు.

“మొదటి కేసు అక్కదే. రాసిపెట్టుకో.”

టైలర్ కోటు కుట్టాడు. కాజాలు కూడా తనే కుట్టాడు. ముప్పై ఏళ్లుగా ఆ పని ఆమెదే కావడంతో చెయ్యి తిరగలేదు, కాజాలు వంకర పోయాయి. బావమరిది చూసి, పరవాలేదులే బావా, గుండీలు పెట్టుకోకుండా తొడుక్కుంటానన్నాడు.

ప్రమాణ స్వీకారం దివ్యంగా జరిగింది. మర్నాడు గెజిట్ వచ్చింది. అందులో ఆయన హోదా ‘ప్రజాప్రతినిధుల నడక పర్యవేక్షకుడు’ అని పడింది.

ప్రెస్సులో ఏం జరిగిందో ఎవరికీ తెలియదు. నడవడికలో మధ్యనున్న ‘వడి’ ఎక్కడో జారిపోయింది. నడక మిగిలింది. ఇంత చిన్న తప్పును మర్నాడే దిద్దేస్తారని బావమరిది అనుకున్నాడు. ప్రభుత్వ న్యాయ సలహాదారు అలా అనుకోలేదు. “గెజిట్‌లో పడింది చట్టం. పడనిది ఉద్దేశం. ఉద్దేశాలను అమలు చేసే శాఖ మనకు లేదు,” అని అభిప్రాయం రాసిచ్చాడు. దిద్దాలంటే సభే దిద్దాలి. సభలో అధికార పక్షమూ ప్రతిపక్షమూ కలిసికట్టుగా, చట్టాన్ని అచ్చయినది అచ్చయినట్టు గౌరవించాలని పట్టుబట్టాయి. జీతాలు పెంచుకున్నప్పుడు తప్ప ఆ సభ అంత ఐకమత్యం ఎన్నడూ చూడలేదు.

బావమరిది మొదటి రోజు భోజనం మానేశాడు. రెండో రోజు కారు వచ్చింది. మూడో రోజుకి, నడక అంటే మరీ అంత తీసిపారేయాల్సిన విషయం కాదని ఆయనకు తోచింది.

కార్యాలయానికి పాత కస్టమ్స్ భవనంలో పై అంతస్తు ఇచ్చారు. పొడవాటి వరండా, వరండా నిండా సుద్దగీత, గీత చివర నిలువుటద్దం. గీత పక్కన ఒక బల్ల, బల్ల వెనక రిటైరైన డ్రిల్లు మాస్టారు, ఆయన మెడలో విజిల్. ఆయన హోదా ఉప పర్యవేక్షకుడు. ఫిర్యాదు వచ్చిన ప్రతినిధి ఎవరైనా సరే, బూట్లు విప్పి, ప్యాంటు మడమల పైకి మడిచి, గీత మీద అద్దం దాకా వెళ్లి వెనక్కి రావలసిందే. ఇందులో పెద్దా చిన్నా లేదు. పత్రికలు ఆ వరండాను ‘నీతి బాట’ అని కొనియాడాయి.

ఒక సభ్యుడు చెరువు పూడ్చి ఇళ్ల స్థలాలుగా అమ్ముకున్నాడని ఊరు ఊరంతా కదిలి వచ్చింది. సభ్యుణ్ణి పిలిపించి గీత మీద నడిపించారు. మడమ ముందు, వేళ్లు తర్వాత, అడుగు సమంగా పడుతోందనీ, లోపం లేదనీ తీర్పు వచ్చింది. సభ్యుడు ఆ తీర్పును ఫ్రేము కట్టించి, పూడ్చిన చెరువు మీద కట్టిన ఇంట్లో హాల్లో తగిలించుకున్నాడు. ఇంకొకాయన సభ జరుగుతుండగానే ఈ పక్షం నుంచి లేచి ఆ పక్షంలోకి వెళ్లి కూర్చున్నాడు. పార్టీ ఫిరాయించాడని ఫిర్యాదు. ఈ చివర నుంచి ఆ చివరకు వెళ్లేటప్పుడు ఎక్కడా తడబడలేదనీ, అంత నిండైన నడక కొత్త సభ్యులకు ఆదర్శమనీ పర్యవేక్షకుడు మెచ్చుకోలు పత్రం ఇచ్చాడు. ప్రతిపక్షం వాకౌట్ చేసినప్పుడు మాత్రం ఆయన కఠినంగా వ్యవహరించక తప్పలేదు. అది నడక, పైగా గుంపు నడక, పైగా ముందస్తు పరీక్ష లేని నడక. ఆ తర్వాత ప్రతిపక్షం ఏం జరిగినా సీట్లలోంచి లేవలేదు. సభ ఎంత సజావుగా సాగిందంటే స్పీకరు హాయిగా కునుకు తీసేవాడు.

ఒక్క సభ్యురాలికే శిక్ష పడింది. ఆ పెద్దావిడ మీద మచ్చ అన్నది లేదు. మోకాలి నొప్పి ఉంది. గీత మీద సగం దూరం వెళ్లి గోడ పట్టుకుంది. వంకర నడక అని రుజువై సభ్యత్వం పోయింది. తన పర అని చూడకుండా వేటు వేసిన పర్యవేక్షకుడి నిక్కచ్చితనాన్ని అధినేత సభలోనే పొగిడారు. ఆమె అధికార పక్షం మనిషే మరి. కూడళ్లలో బోర్డులు వెలిశాయి: ‘మా పాలనలో తప్పటడుగు లేదు.’ బావమరిదిని విదేశాలు పిలిచాయి. నడక మీద అక్కడ ప్రసంగాలు చేసి శాలువాలతో, పతకాలతో తిరిగొచ్చాడు.

ఈ వార్తలన్నీ టైలర్ దుకాణంలో గుండీల డబ్బా కింద పరిచిన పేపర్లలో చదివాడు. ఒక రోజు కత్తెర పక్కన పెట్టాడు. నడక ఒక్కటే వాళ్ల పరిధి అని అందరూ నవ్వుకుంటున్నారు. తనకు కావలసింది నడకేగా.

ఫిర్యాదుల కిటికీ దగ్గర గుమాస్తా తలెత్తకుండానే అడిగాడు.

“నడకకు సంబంధించిందేనా?”

“నడకే.”

“అందరూ అదే అంటారు. విప్పి చూస్తే లంచాలు, కబ్జాలు.”

“ఇందులో అవేం లేవు. ఒకాయన నడిచాడు. ఒకావిడ చచ్చిపోయింది.”

గుమాస్తా తలెత్తాడు. కాగితం రెండుసార్లు చదివాడు. పెన్ను కింద పెట్టి, డ్రిల్లు మాస్టారి దగ్గరికి పరిగెత్తాడు. ఆ కార్యాలయం పెట్టాక దాని పరిధిలోకి నిజంగా వచ్చిన మొదటి ఫిర్యాదు అది. అలాంటిది వస్తే ఏం చేయాలో ఎవరికీ చెప్పలేదు.

బావమరిది గదిలోకి పిలిపించి తలుపు వేయించాడు. గది నిండా పతకాలు. కోటు కుర్చీకి తగిలించి ఉంది.

“బావా, ఇంటికొచ్చి ఒక మాట చెప్పకూడదా?”

“చెప్పాను. కోటుకి కొలతలిచ్చిన రోజు. మొదటి కేసు అక్కదే అన్నావు.”

“అప్పుడు నడవడిక అనుకున్నాను.”

“ఆయన నడవడిక ఎలా తగలబడితే నాకేం. నాది నడక గొడవే. వడి లేని నడక. మీ గెజిట్‌లో ఉన్నది అదేగా.”

బావమరిది చాలాసేపు కోటు వంకే చూశాడు. దాని కాజా అంచు ఊడి దారం వేలాడుతోంది. కాదని చెప్పడం చేతకాని మనిషి. ఆ బలహీనత పుట్టాక మొదటిసారి ఒక పేదవాడికి పనికొచ్చింది. విచారణకు తేదీ వేశాడు.

విచారణ రోజు వరండాలో కాలు పెట్టడానికి చోటు లేదు. మంత్రిగారు బూట్లు విప్పి గీత మీద నడిచి చూపించారు. పడిన ప్రతి అడుగుకీ అనుచరులు చప్పట్లు కొట్టారు. డ్రిల్లు మాస్టారు మాత్రం విజిల్ నోట్లోంచి తీసి పెదవి విరిచాడు. ఎంతైనా జీవితమంతా పిల్లల చేత కవాతు చేయించిన మనిషి. ఆయన నిజంగా పట్టించుకునేది నడక ఒక్కటే, అది బయటపడింది.

“ఇది నడక కాదండీ. ఇంత నిదానంగా నడిస్తే మా స్కూల్లో ఎండలో నిలబెట్టేవాణ్ణి.”

ఫొటోగ్రాఫర్లు సాక్ష్యం చెప్పారు. ఆ రోజు మంత్రిగారు త్వరగా వస్తుంటే మెల్లిగా రమ్మని తామే బతిమాలామన్నారు. మంత్రిగారు ఆ ముక్కను ఖండించారు. ప్రజల మీద గౌరవంతో తానే అడుగు తగ్గించుకున్నానన్నారు.

“అంబులెన్సు హారన్ వినిపించిందా?” అని పర్యవేక్షకుడు అడిగాడు.

“వినిపించకేం. స్వాగతం పలుకుతున్నారనుకున్నాను. అటు తిరిగి చెయ్యి ఊపాను.”

పర్యవేక్షకుడు బావ వైపు చూశాడు. టైలర్ ఫిర్యాదులో ఈ సంగతి రాయలేదు. ఇక తప్పలేదు.

“ఊపాడయ్యా,” అన్నాడు టైలర్. బావమరిదిని ఆ చోట అయ్యా అనే పిలిచాడు. “అంబులెన్సు అద్దంలోంచి మా ఆవిడ చూసింది. ఎవరైనా పలకరిస్తే తిరిగి పలకరించకుండా ఉండలేని మనిషి. తనూ చెయ్యెత్తింది. దించడం నేను చూడలేదు, నేనే దించాను.”

మంత్రిగారి వకీలు లేచి, ఈ ముక్క తప్పకుండా రికార్డులో చేర్చాలని కోరాడు. మరణించిన మహిళ మంత్రిగారికి అభివాదం చేసింది కాబట్టి, ఆయన నడక పట్ల ఆమెకు ఎలాంటి అభ్యంతరమూ లేదని తేలిపోయిందన్నాడు.

తీర్పు సోమవారానికి వాయిదా పడింది. ఆ సాయంత్రం బావమరిది కారు సందు మొగలో ఆపించి, నడిచి దుకాణానికి వచ్చాడు. అక్క కూర్చునే పీట మీద కూర్చున్నాడు. మాస్టారి సాక్ష్యం ఉంది, మంత్రి ఒప్పుకోలు ఉంది, ఇక తప్పించుకునే దారి లేదన్నాడు. తీర్పులో మొదటి వాక్యం మంత్రి చేతే నలుగురిలో పైకి చదివిస్తానన్నాడు.

“ఏమని?” అన్నాడు టైలర్.

“నువ్వు అడిగిందే. నా వల్ల పోయిందని.”

టైలర్ ఆ రెండు రోజులూ గిరాకీ చూడలేదు. తన కోసం ఒక తెల్లచొక్కా కత్తిరించి కుట్టుకున్నాడు. తనకని ఎప్పుడు కుట్టుకున్నాడో గుర్తులేదు. ఈసారి కాజాలు బాగానే వచ్చాయి.

ఆదివారం సెలవైనా సభను పిలిచారు. రోడ్ల మంత్రిగారు స్వయంగా లేచి ఒక సవరణ ప్రతిపాదించారు. నడవడిక అనే మహత్తరమైన మాటను నడక అనే అల్పమైన మాటగా కుదించడం ప్రజాస్వామ్యానికే తలవంపులనీ, ఇన్నాళ్లు ఈ అవమానాన్ని ఎలా భరించామో తలుచుకుంటే తన మనసును కలచివేస్తోందనీ అన్నారు. “పోయిన వడిని మళ్లీ తెచ్చుకుందాం” అని పిలుపునిచ్చారు. అందరూ బల్లలు చరిచారు. ఆ సభ ఏ పనినీ అంత వడిగా చేయలేదు. సవరణ చట్టం పుట్టిన నాటి నుంచే వర్తిస్తుందని కూడా చేర్చారు. అంటే ఆ మాట ఎప్పుడూ నడవడికే. నడక అనేది ఎన్నడూ లేదు.

సోమవారం టైలర్ కొత్త చొక్కా తొడుక్కుని వెళ్లేసరికి వరండాలో కూలీలు సుద్దగీత కడిగేస్తున్నారు. ఒకడు అద్దం మోసుకుపోతున్నాడు. డ్రిల్లు మాస్టారి కుర్చీ లేదు, మాస్టారూ లేడు. ఫిర్యాదు కొట్టివేశారు. కారణం: ఇది నడకకు సంబంధించినది, పరిధిలోకి రాదు.

“సరే,” అన్నాడు టైలర్ బావమరిది గదిలో నిలబడి. “నడవడిక అని రాసిస్తాను. ఇవాళే తీసుకో.”

“గడువు దాటింది, బావా. సంఘటన జరిగిన ఏడాదిలోపు ఇవ్వాలి.”

“ఆ ఏడాదీ నడవడిక అని ఎవరొచ్చినా మీవాళ్లు నడకే చూసి పంపేశారు.”

“అది మా పొరపాటే. ఒప్పుకుంటున్నాను. కాకపోతే...” బావమరిది బల్ల మీద గాజు బిళ్లను అటూ ఇటూ తిప్పాడు. “మా పొరపాట్ల మీద ఫిర్యాదు తీసుకునే అధికారం మాకు లేదు. అయినా నువ్వే ఆలోచించు, బావా. నడవడం చెడ్డ నడవడిక ఎలా అవుతుంది?”

ఇన్‌స్పెక్టర్ ఇదే ముక్క చదువులేని మాటల్లో చెప్పాడు. టైలర్ వచ్చేశాడు.

నడవడిక వచ్చాక పర్యవేక్షకుడి పని తేలికైపోయింది. సభ్యులందరి నడవడికకీ ఒకే రోజున సర్టిఫికెట్లు ఇచ్చేశాడు. పదవీకాలం ముగిసే రోజున అధినేత ఆయన్ని కౌగలించుకున్నారు. ఆ వారమే పార్టీ కండువా, నెల తిరక్కుండా బజారు నియోజకవర్గం టికెట్టు. ప్రచారపు బట్టలు పెద్ద దుకాణంలో కుట్టించుకున్నాడు. కోటు మాత్రం మడిచి, కాజాలు సరిచేసి ఉంచమని డ్రైవరు చేత టైలర్‌కి పంపాడు.

ప్రచారం మొదలయ్యేది ‘ప్రజల్లోకి నడక’తోనే. బజారుకి తాళ్లు కట్టారు. పరుపుల దుకాణం గోడకి పసుపు గుడ్డ కప్పిన పలక ఒకటి బిగించారు. కార్యకర్తలు దుకాణంలోకి వచ్చి టైలర్‌ని రెక్క పట్టుకుని తీసుకెళ్లి ముందు వరసలో నిలబెట్టారు. ఫొటోగ్రాఫర్లు వెనక్కి నడుస్తూ వచ్చారు. వాళ్ల వెనక బావమరిది, రోడ్ల మంత్రిగారు పక్కపక్కనే, అడుగులో అడుగు వేసుకుంటూ వచ్చారు. గుడ్డ తొలగించారు.

‘ఇక్కడే ఒక సోదరి తన ఆఖరి శ్వాసతో ప్రియతమ మంత్రిగారికి అభివాదం చేసింది.’

మంత్రిగారు మైకు అందుకుని, ఆ చెయ్యి తనకు ఇప్పటికీ కళ్లకు కట్టినట్టుందన్నారు. ఆ తల్లి తమ్ముణ్ణి గెలిపించి ఆ అభివాదానికి బదులివ్వమని జనాన్ని కోరారు. జనం చప్పట్లు కొట్టారు.

వెనక, తాడు అవతల ఎక్కడో, హారన్ మోగింది. ఆగి మళ్లీ మోగింది.

మంత్రిగారు తల తిప్పేలోపే బావమరిది అటు తిరిగి చెయ్యి ఊపాడు.

తర్వాత మైకు టైలర్ చేతికిచ్చారు. నలుగురూ ఉన్నారు, మంత్రి ఉన్నాడు, మైకు పనిచేస్తోంది. రెండు ముక్కలు మాట్లాడు బావా, అని బావమరిది చెవిలో అన్నాడు.

టైలర్ మైకు పరుపుల దుకాణం అరుగు మీద పెట్టి, తాడు కిందినుంచి దూరి, దుకాణానికి వచ్చి మిషన్ ముందు కూర్చున్నాడు. కోటు మడత విప్పి, కాజాలు అన్నీ కుట్టి మూసేసి, డ్రైవరు చేతికిచ్చి పంపాడు.

ఇప్పటికీ కొలతలకు వచ్చినవాళ్లు చేతులు చాపి నిలబడి, ఆ పలక మీద సోదరి మీ ఆవిడేనటగా అని అడుగుతుంటారు.

“చేతులు దించండి,” అంటాడు టైలర్. “ఆ సంగతి నేను మాట్లాడను.”

మాట్లాడలేదు. ఇక మాట్లాడడు.